ఇంజన్ వెనక్కి పెట్టండి మొర్రో అన్నాయన

పోయిన నెల ఈ కాలమ్‌లో మాటల మధ్యలో ఒక్క లైన్ రాశా. అమెరికాలో కార్వెట్ అనే స్పోర్ట్స్ కారుని నిలబెట్టిన ఇంజినీరు ఆ కంపెనీలో ఉద్యోగం ఉత్తరం రాసి తెచ్చుకున్నాడు అని. అంతే, దానికి ఇన్ని ప్రశ్నలొస్తాయని అస్సలు అనుకోలేదు, మైలేజీ గురించి అడిగేవాళ్ళు కూడా ఈసారి ఆయన గురించే అడిగారు. అందుకే ఈ నెల వేరే ప్రశ్నలన్నీ పక్కన పెట్టేశా, టైర్ల గురించి రాసినవాళ్ళు ఏమీ అనుకోకండి, వచ్చే నెల చూద్దాం. ఆయన పేరు జోరా ఆర్కస్-డంటోవ్.

ప్రశ్న: మాస్టారూ, మా ఆయన ఇక్కడ ట్రాయ్‌లో ఆటో కంపెనీలో పని చేస్తాడు, కార్వెట్ కొంటానని రెండేళ్ళుగా గొడవ. దాన్ని కనిపెట్టింది ఒక రష్యా ఆయన అని కూడా చెప్తున్నాడు. నిజమేనా, లేక నన్ను ఒప్పించడానికి చెప్పే కబుర్లా? (ఒక గృహిణి, ట్రాయ్, మిచిగన్)

జవాబు: సగం నిజం అమ్మా. కనిపెట్టింది ఆయన కాదు. జనరల్ మోటార్స్‌లో స్టైలింగ్ పెద్ద హార్లీ ఎర్ల్ ఆలోచన అది, జోరా దాన్ని మొదటిసారి చూసింది అందరిలాగే ఎగ్జిబిషన్‌లో. కానీ ఆ తర్వాత ఇరవై ఏళ్ళకి పైగా దాన్ని మోసింది మాత్రం ఆయనే.

ఇక రష్యా సంగతి. పుట్టింది 1909 డిసెంబర్ 25న బెల్జియంలోని బ్రస్సెల్స్‌లో, తల్లిదండ్రులు రష్యన్ యూదులు, తర్వాత పెరిగింది ఇప్పటి సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో. ఆ ఇంటిపేరు రెండు ముక్కలుగా ఎందుకుందో తెలుసా, తండ్రి ఆర్కస్, తల్లి ఆయనతో విడిపోయాక ఆమె జీవితంలోకి వచ్చినాయన డంటోవ్, విచిత్రం ఏంటంటే విడిపోయాక కూడా తండ్రి ఆ ఇంట్లోనే ఉన్నాడు, అంటే ఒకే కప్పు కింద ఇద్దరు నాన్నలు. అన్నదమ్ములిద్దరూ ఇద్దరి పేర్లూ పెట్టేసుకున్నారు, ఎవరినీ నొప్పించకుండా.

చిన్నప్పుడు ఆయనకి ట్రామ్ డ్రైవర్ అవ్వాలని కోరికట. 1927లో కుటుంబం బెర్లిన్ వెళ్ళింది, అక్కడ ఒక 350 సీసీ మోటార్ సైకిల్ కొన్నాడు. ఇంట్లో భయం. మా నాన్న నాకు చెప్పినట్టే చెప్పారు వాళ్ళూ, రెండు చక్రాల బండి వద్దురా నాయనా, అమ్మేసి నాలుగు చక్రాలది కొనుక్కో అని. సరేనని అమ్మేసి, ‘బాబ్’ అనే పాత రేసు కారు కొన్నాడు. దానికి ముందు చక్రాలకి బ్రేకులు లేవు, వెనకవి ఉన్నా లేనట్టే. పెద్దవాళ్ళ మాట విన్నాడు కదా మరి!

మీ ఆయన్ని కొనమనాలా వద్దా అనేది నేను చెప్పను, మీ ఇంటి గొడవలో నన్ను లాగకండి.

ప్రశ్న: సర్, నేను మెకానికల్ ఫైనల్ ఇయర్. క్యాంపస్‌కి వచ్చే కంపెనీలన్నీ సాఫ్ట్‌వేర్ వే. ఆయనలాగా నేనూ కార్ల కంపెనీలకి మెయిల్స్ పెట్టనా? నిజంగా ఉత్తరానికి ఉద్యోగం ఇచ్చేశారా? (విద్యార్థి, కాకినాడ)

జవాబు: పెట్టు బాబూ, తప్పేముంది. కానీ ఆ ఉత్తరం ఎలాంటిదో, రాసినాయన అప్పటికి ఏం చేసి ఉన్నాడో తెలుసుకుని పెట్టు.

1953 జనవరిలో న్యూయార్క్ వాల్డార్ఫ్ ఆస్టోరియా హోటల్లో జనరల్ మోటార్స్ వాళ్ళ మోటోరమా షో. అక్కడ తెల్లటి కార్వెట్ చూశాడు జోరా. అంత అందమైన కారు తను చూడలేదు అనుకున్నాడు, వంగి కింద ఏముందో చూసేసరికి నీరుగారిపోయాడు. ఫ్యామిలీ కార్లో పెట్టే ఆరు సిలిండర్ల ఇంజన్‌నే కాస్త సానబట్టారు, 150 హార్స్ పవర్, దానికి రెండే రెండు గేర్ల ఆటోమేటిక్ గేర్‌బాక్స్. పెళ్ళికొడుకు బట్టలేసి ఎడ్లబండి ఎక్కించినట్టు. జనరల్ మోటార్స్‌లో కార్వెట్ చేసే విభాగం షెవ్రోలే, దాని చీఫ్ ఇంజినీర్ ఎడ్ కోల్‌కి ఉత్తరం రాశాడు, ఇంత అందమైన కారు మీద పని చేసే అవకాశం వస్తే అదృష్టంగా భావిస్తాను అని. ఇక్కడిదాకా మనమూ రాస్తాం. ఆయన దానితో పాటు ఒక టెక్నికల్ పేపర్ కూడా జతచేశాడు, ఒక కారు గరిష్ట వేగం ఎంత ఉంటుందో లెక్కకట్టే పద్ధతి మీద. ఉత్తరం చూసి కాదు, ఆ పేపర్ చూసి పిలిచారు. పిలిచినాయన మారిస్ ఒల్లీ, రోల్స్ రాయిస్‌లో పని చేసొచ్చిన పెద్దమనిషి, సస్పెన్షన్ విషయంలో ఆయన మాటకి తిరుగులేదు. 1953 మే 1న జోరా అసిస్టెంట్ స్టాఫ్ ఇంజినీరుగా చేరాడు. అప్పటికి వయసు 43. మన దగ్గర 43 అంటే పిల్లల ఎంసెట్ కోచింగ్ ఫీజులు కట్టే వయసు, కొత్త కంపెనీలో అసిస్టెంట్‌గా చేరే వయసు కాదు.

మరి ఆ 43 ఏళ్ళలో ఏం చేశాడు అంటే, 1934లో బెర్లిన్ చార్లొటెన్‌బర్గ్ టెక్నికల్ యూనివర్సిటీలో డిగ్రీ, జర్మన్ ఆటో పత్రికల్లో వ్యాసాలు. తర్వాత హిట్లర్ కాలం, ఈయన యూదుడు. పారిస్‌లో ఎల్ఫీ అనే డాన్సర్‌ని పెళ్ళి చేసుకున్నాడు, యుద్ధం రాగానే అన్నదమ్ములిద్దరూ ఫ్రెంచ్ వైమానిక దళంలో చేరారు, ఫ్రాన్స్ లొంగిపోయాక మార్సేలో స్పెయిన్ కాన్సులేట్ నుంచి ఎలాగో ఇంటిల్లిపాదికీ వీసాలు సంపాదించాడు. ఆ లోపు అన్నదమ్ములు దాక్కున్నది ఎక్కడో తెలుసా, ఒక వేశ్యాగృహంలో. ఎల్ఫీ పారిస్ నుంచి తన చిన్న ఎంజీ కారు తనే నడుపుకుంటూ బోర్డో దాకా వచ్చింది, వెనకాల జర్మన్ సైన్యం. ఆ కుటుంబంలో అసలు డ్రైవర్ ఎవరు అంటే నేను ఎల్ఫీ అనే అంటా. చివరికి పోర్చుగల్‌లో ఓడ ఎక్కి న్యూయార్క్.

అక్కడ తమ్ముడు యూరాతో కలిసి ఆర్డన్ అనే కంపెనీ పెట్టాడు. ఆర్కస్‌లో ‘ఆర్’, డంటోవ్‌లో ‘డన్’. యుద్ధకాలంలో సైన్యానికి సామాన్లు చేశారు, యుద్ధం అయ్యాక ఫోర్డ్ వీ8 (ఎనిమిది సిలిండర్లది) ఇంజన్‌కి కొత్త సిలిండర్ హెడ్ చేశారు, ఇదే ఆయన అసలు సర్టిఫికెట్. కొంచెం ఓపిగ్గా చదువు, నువ్వు మెకానికల్ కాబట్టి చెప్తున్నా. ఆ ఫోర్డ్ ఇంజన్‌ని ఫ్లాట్‌హెడ్ అనేవాళ్ళు, వాల్వులు సిలిండర్ పైన కాకుండా పక్కన బ్లాకులోనే ఉంటాయి, పైన హెడ్ అనేది వట్టి మూత. కాలిన గ్యాస్ బయటికి పోయే దారి కూడా బ్లాకు మధ్యలోంచే, దాంతో ఇంజన్ ఊరికే వేడెక్కిపోయేది, లారీల్లో మరీను. జోరా అల్యూమినియంతో కొత్త హెడ్ చేసి వాల్వులని పైకి తెచ్చాడు, కింద అర్ధగోళం ఆకారంలో మంట మండే చోటు. లారీల వేడి తగ్గిద్దామని మొదలుపెట్టింది కాస్తా రేసుల కుర్రాళ్ళ చేతిలో పడింది, 300 హార్స్ పవర్ దాటించారు. కంపెనీ మాత్రం నిలబడలేదు. తర్వాత ఇంగ్లండ్ వెళ్ళి అలార్డ్ అనే స్పోర్ట్స్ కార్ల దగ్గర పని చేశాడు, ఆ తర్వాతే ఆ ఉత్తరం.

కాబట్టి నాయనా, మెయిల్ పెట్టేటప్పుడు కింద జతచేయడానికి ఏదో ఒకటి చేసిపెట్టుకో. కాలేజీ పోటీలకి కట్టే బాహా కారో, పాడైన ఇంజన్ విప్పి నువ్వు రాసుకున్న లెక్కలో, ఏదైనా సరే. ‘డైనమిక్ టీమ్ ప్లేయర్’ అని రాస్తే నేను కూడా చదవను.

ప్రశ్న: ఆయన రేసులు కూడా నడిపాడంటారు? (తణుకు)

జవాబు: నడిపాడు, అదీ ఉద్యోగంలో చేరిన కొత్తల్లోనే. మే 1న చేరాడా, జూన్‌లో ఫ్రాన్స్‌లో లె మాన్స్ 24 గంటల రేసుకి అలార్డ్ కారు నడపడానికి పోయాడు, పై ఆఫీసరు ఒల్లీకి అది నచ్చలేదు. ప్రొబేషన్‌లో ఉండి అత్తారింటి పండక్కి రెండు వారాలు సెలవు పెట్టినట్టు. ఆ రేసు పూర్తి కాలేదు కూడా. కానీ 1954లో, 1955లో పోర్షే 550 నడిపి రెండుసార్లూ 1100 సీసీ క్లాసు గెలిచాడు. షెవ్రోలే జీతం తీసుకుంటూ పోర్షేలో గెలవడం!

ప్రశ్న: మా అబ్బాయి ఆటోమొబైల్ ఇంజినీరింగ్ అంటున్నాడు, బంధువులంతా కంప్యూటర్ సైన్స్ చెప్పండి అంటున్నారు. అసలు ఇలాంటి ఇంజినీర్లు ఆఫీసులో రోజంతా ఏం చేస్తారండీ? బొమ్మలు గీస్తారా? (ఒక తల్లి, గుంటూరు)

జవాబు: చాలా మంచి ప్రశ్న అమ్మా, ఇన్ని ఉత్తరాల్లో ఇదే నాకు బాగా నచ్చింది. బొమ్మలు గీయడం తక్కువ. జోరా కెరీర్ చూస్తే ఎక్కువ భాగం పై వాళ్ళకి కాగితాలు రాయడం, వాళ్ళు వద్దంటే ఇంకో కాగితం రాయడం.

చేరిన ఏడాదే, 1953 డిసెంబర్‌లో ఒక మెమో రాశాడు. కుర్రాళ్ళు, హాట్ రాడ్లు, షెవ్రోలే గురించి కొన్ని ఆలోచనలు అని దాని పేరు. హాట్ రాడ్ అంటే పాత కారు కొని ఇంజన్ గెలికి స్పీడు పెంచుకునేవి. జోరా గమనించింది ఏంటంటే, ఆ కుర్రాళ్ళ పత్రికలు తిరగేస్తే అన్నీ ఫోర్డులే. ఈ రోజు పాత ఫోర్డు గెలికేవాడు రేపు సంపాదన వచ్చాక కొత్త ఫోర్డే కొంటాడు, మనం వాళ్ళని ఇటు తిప్పుకోవాలంటే స్పీడు పెంచుకునే సామాన్లు మనమే తయారుచేసి, టెస్ట్ చేసి, మన షోరూముల్లోనే అమ్మాలి అని. గమనించండి, ఇందులో ఒక్క డ్రాయింగ్ లేదు. జనం బుర్ర ఎలా పనిచేస్తుందో ఉంది. రాసింది అమెరికాకి వచ్చి పదేళ్ళు దాటిన ఒక వలస మనిషి, ఇంగ్లీషులో యాస పోని మనిషి.

తర్వాతది ఇంకా ముఖ్యం. 1953లో కార్వెట్లు చేసింది 300, చేత్తో, అన్నీ తెలుపే, లోపల ఎరుపు. 1954లో 3640 చేస్తే వెయ్యికి పైగా అమ్ముడుపోక గొడౌన్లలో ఉండిపోయాయి. 1955కి ఫోర్డు థండర్‌బర్డ్ దించింది, ఏడాదిలో 16 వేలు పోయాయి, కార్వెట్ 700. మన పాలకొల్లు భాషలో చెప్పాలంటే దుకాణం కట్టేసే పరిస్థితి. జోరా 1954 అక్టోబర్‌లో మళ్ళీ కాగితం పట్టుకున్నాడు, ఇప్పుడు ఆపేస్తే ఓడిపోయామని మనమే ఒప్పుకున్నట్టు, దీనికోసం వేరే చిన్న జట్టుని పెట్టండి అని. అదొక్కటే కాపాడిందంటే నేను నమ్మను, థండర్‌బర్డ్ అమ్ముడవ్వడమే జనరల్ మోటార్స్ పౌరుషానికి తగిలింది, పైగా 1955లో షెవ్రోలేకి కొత్త వీ8 ఇంజన్ వచ్చింది. కానీ వదలొద్దు అని లోపల కూర్చుని అరిచే గొంతు ఒకటుండాలి కదా.

ఇక చేతి పని. ఇంజన్‌లో క్యామ్ షాఫ్ట్ అని ఒక కడ్డీ ఉంటుంది, దాని మీద కోడిగుడ్డు ఆకారంలో బుడిపెలు, అవి తిరుగుతూ వాల్వులని ఎప్పుడు తెరవాలో ఎంతసేపు తెరిచి ఉంచాలో చెప్తాయి. ఆ బుడిపెల ఆకారం కొంచెం మార్చి ఇంజన్ ఇంకా ఎక్కువ స్పీడులో ఊపిరి పీల్చుకునేలా చేశాడు, డంటోవ్ క్యామ్ అని ఇప్పటికీ పాత కార్ల వాళ్ళు పేరు పెట్టి అడుగుతారు. 1956 మొదట్లో ఫ్లోరిడా డేటోనా సముద్రపు ఒడ్డున, ఇసక మీద, తనే నడిపి గంటకి 240 కిలోమీటర్లు దాటించాడు. ఆ ఏడాదే టెస్ట్ ట్రాక్ మీద కారు అదుపుతప్పి వెన్నెముకకి దెబ్బ తగిలింది, ఒళ్ళంతా కట్టుతో కూడా పని మానలేదు. మరుసటి ఏడాది 1957 మోడల్‌కి ఫ్యూయల్ ఇంజెక్షన్, జాన్ డోల్జా అనే ఇంకో ఇంజినీరుతో కలిసి. 283 క్యూబిక్ అంగుళాల ఇంజన్ నుంచి 283 హార్స్ పవర్, అంగుళానికి ఒక గుర్రం అని ప్రకటనల్లో ఊదరగొట్టారు. క్రైస్లర్ వాళ్ళు ఏడాది ముందే ఆ గీత దాటారు అనుకోండి, కానీ పేరు మాత్రం వీళ్ళదే.

అబ్బాయికి ఇష్టముంటే చేరనివ్వండి. ఇష్టం లేకపోతే మాత్రం ఆటోమొబైల్ కంటే కంప్యూటర్ సైన్సే నయం, ఈ పనిలో ఇష్టం లేనివాడు మొదటి ఏడాదికే అలసిపోతాడు.

ప్రశ్న: కార్ డిజైనర్, కార్ ఇంజినీర్ ఒకటే కాదా? (వరంగల్)

జవాబు: కాదు, ఒకటైతే ఈ గొడవే ఉండేది కాదు. 1963లో కార్వెట్ కొత్త రూపం వచ్చింది, స్టింగ్ రే అని. ఆకారం డిజైన్ పెద్ద బిల్ మిచెల్ దగ్గర్నుంచి, దాన్ని గీసినవాళ్ళలో ల్యారీ షినోడా ముఖ్యుడు. వెనక అద్దాన్ని మధ్యలో ఒక పట్టీతో రెండు ముక్కలు చేశాడు మిచెల్, పై నుంచి చూస్తే వెన్నెముక గీత లాగా. జోరా అన్నాడు, వెనక ఏముందో కనపడట్లేదయ్యా అని. మిచెల్ అన్నాడు, ఆ గీత తీసేస్తే ఈ కారు ఉండీ లేనట్టే అని. 1963కి మిచెల్ గెలిచాడు, 1964కి జోరా గెలిచాడు, పట్టీ పోయి ఒకే అద్దం వచ్చింది. 1963 కారు కొన్నవాళ్ళలో కొందరు పట్టీ కోయించేసి కొత్త అద్దం పెట్టించుకున్నారు కూడా, ఇప్పుడు వాళ్ళు తల బాదుకుంటూ ఉంటారు ఎందుకంటే పాత కార్వెట్లలో ఆ రెండు ముక్కల అద్దం కారుకే అందరూ ఎగబడతారు. నా ఓటు జోరాకే, కారు నడిపేది చూస్తూ కదా. కానీ ఫోటో పెట్టి అడిగితే మిచెల్ కారే బాగుందంటా, ఏం చేస్తాం.

కంటికి కనపడని చోట మాత్రం ఆ కారు జోరాదే. అప్పటిదాకా వెనక ఇరుసు లారీ ఇరుసులాగా ఒకే కడ్డీ, ఒక చక్రం గుంటలో పడితే రెండోది కూడా వంగుతుంది. స్టింగ్ రేకి ఏ చక్రానికి ఆ చక్రం విడిగా ఆడే సస్పెన్షన్ పెట్టాడు. స్ప్రింగుల కోసం లారీ కమాన్ పట్టీలనే అడ్డంగా పడుకోబెట్టాడు, ఎడమ చక్రం నుంచి కుడి చక్రం దాకా ఒకటే కట్ట. చవక, తక్కువ చోటు. అలాంటి అడ్డపట్టీ పద్ధతి, తర్వాత ఫైబర్‌తో చేసింది, కార్వెట్లో 2019 మోడల్ దాకా నడిచింది. అంతకుముందు ఏడాది 14 వేల చిల్లర అమ్ముడైన కారు 1963లో 21 వేలు దాటింది.

ప్రశ్న: అన్నా, కంపెనీ రేసింగ్ వద్దంటే ఇలాంటి పిచ్చోళ్ళు ఊరుకుంటారా? (హైదరాబాద్)

జవాబు: ఊరుకోరు తమ్ముడూ. 1957 మార్చిలో సీబ్రింగ్ రేసుకి మెగ్నీషియం ఒంటితో కార్వెట్ ఎస్ఎస్ అని ఒకటి చేశాడు, 23 ల్యాపులకే ఆగిపోయింది. జూన్‌లో అమెరికా కార్ల కంపెనీలన్నీ కలిసి ఇక రేసుల జోలికి పోము అని ఒప్పందం చేసుకున్నాయి. అంతే, అధికారికంగా తలుపు మూసుకుపోయింది.

1962లో జోరా మళ్ళీ మొదలుపెట్టాడు, గ్రాండ్ స్పోర్ట్. పల్చటి ఫైబర్ ఒళ్ళు, మామూలు స్టింగ్ రే కంటే వందల కిలోలు తక్కువ బరువు. 125 చేసి రేసులకి అర్హత తెచ్చుకుందామని ప్లాన్. పై వాళ్ళకి తెలిసి ఆపేయమన్నారు, అప్పటికి అయినవి అయిదు. ఆ అయిదూ ముక్కలు చేసెయ్యాల్సింది, కానీ ఎలాగో బయట జనం చేతుల్లోకి పోయాయి. 1963 డిసెంబర్లో బహామాస్ దీవుల్లో నాసో స్పీడ్ వీక్, టెక్సాస్ ఆసామి జాన్ మెకమ్ జట్టు మూడు గ్రాండ్ స్పోర్ట్‌లు దింపింది, షెల్బీ కోబ్రా అనే పోటీ కార్లని చితక్కొట్టారు. అదే వారం షెవ్రోలే ఇంజినీర్లు కొంతమంది సరిగ్గా నాసోకే సెలవు మీద, సముద్రస్నానానికి పోయారట. ఎంత యాదృచ్ఛికం! మన ఆఫీసుల్లో అందరికీ ఒకేసారి జ్వరం వస్తుంది చూడండి మ్యాచ్ రోజు, అలాగన్నమాట.

ఆ అయిదు కార్లూ ఇప్పటికీ ఉన్నాయి.

ప్రశ్న: కార్వెట్లో పెట్టిన ఎల్88 అనే ఇంజన్ పవర్ కంపెనీయే తక్కువ చేసి చెప్పిందని చదివాను. ఎవడైనా ఎక్కువ చెప్తాడు గానీ తక్కువ చెప్తాడా? (విజయవాడ)

జవాబు: చెప్పారు. 1967లో వచ్చింది, 7 లీటర్లు, కాగితం మీద 430 హార్స్ పవర్. అదే ఏడాది ఇంకో ఇంజన్‌కి 435 అని రాశారు. షోరూముకి వచ్చిన మామూలు కుర్రాడు ఏం కొంటాడు, ఎక్కువున్నదే కదా. కావాల్సింది కూడా అదే, ఎందుకంటే ఎల్88 అసలు బలం 500 పైనే, రేసు పెట్రోలు తప్ప తాగదు, ట్రాఫిక్‌లో నిలబడితే వేడెక్కుద్ది, రేడియో హీటర్ కూడా ఇవ్వరు. తెలిసినవాడు తెలిసి కొనాలి. ఆ ఏడాది అమ్మినవి 20. ఇప్పుడు అవి కోట్లలో మాట.

ప్రశ్న: మాస్టారూ, ఇంజన్ ముందుంటే ఏంటి, వెనకుంటే ఏంటి? దానికోసం ఆయన జీవితాంతం పోరాడాడు అని ఎక్కడో చదివాను. మా ఆటోకి కూడా వెనకే ఉంటుంది! (ఆటో యజమాని, రాజమండ్రి)

జవాబు: మీ ఉత్తరం చదివి చాలా నవ్వుకున్నా. మీ ఆటోకి ఇంజన్ అంత చివర, చక్రాల దగ్గరే. జోరా అడిగింది మధ్యలో, అంటే డ్రైవర్ వీపుకీ వెనక చక్రాలకీ నడుమ. తేడా ఏంటో మీకే బాగా తెలుసు, ముగ్గురు లావుపాటి ప్యాసింజర్లు వెనక కూర్చుంటే బండి ఎలా పట్టుకుంటుందో, ఖాళీ బండి తడిరోడ్డు మీద ఎలా జారుద్దో. తోసేది వెనక చక్రాలు, బరువు ముందు ఉంటే ఎంత పవర్ ఇచ్చినా టైర్లు గిర్రున తిరిగి పొగ వస్తుంది తప్ప కారు కదలదు. బరువుని మధ్యకి తెస్తే టైరు రోడ్డుని కరిచి పట్టుకుంటుంది, మలుపులో కూడా కారు తొందరగా తిరుగుతుంది, బరువు రెండు చివర్లా ఉన్న కావడి తిప్పడం కష్టం, నడుముకి కట్టుకున్న బరువుతో తిరగడం తేలిక. ఇంకోటి, ముందు ఇంజన్ ఉంటే ఆ వేడంతా డ్రైవర్ కాళ్ళ మీదకే, సీబ్రింగ్ కారులో ఆ వేడి మహా గోల పెట్టింది.

1960లో సర్వ్ వన్ అని ఒక ఒంటి సీటు ప్రయోగం కారు చేశాడు, ఇంజన్ మధ్యలో. స్టింగ్ రే వెనక సస్పెన్షన్ అందులోంచే వచ్చింది. 1964లో సర్వ్ టూ. 1970లో న్యూయార్క్ షోలో ఎక్స్‌పీ-882, ఇది నిజంగా రోడ్డుకి పనికొచ్చే కార్వెట్ లాగా ఉంది, వీ8ని అడ్డంగా తిప్పి పెట్టాడు, ఆ డ్రైవ్ అమరికకి పేటెంట్ కూడా తీసుకున్నాడు. జనం ఎగబడి చూశారు. పై వాళ్ళు లెక్క చూశారు: ఉన్న కార్వెట్ చేసినవి చేసినట్టు అమ్ముడైపోతుంటే కొత్త గేర్‌బాక్సుకి, కొత్త ఫ్యాక్టరీ సామాన్లకి డబ్బెందుకు తగలెయ్యాలి? నిజం చెప్పాలంటే వాళ్ళ లెక్కా తప్పు కాదు, నేను ఆ కుర్చీలో ఉన్నా అదే అనేవాడినేమో. జోరాకి 1960ల చివర్లో గానీ కార్వెట్ చీఫ్ ఇంజినీర్ అనే పేరు రాలేదు, అప్పటికే పదిహేనేళ్ళు దాని మీద పని చేసేశాడు, పేరొచ్చాక కూడా ఈ ఒక్కటీ ఒప్పించలేకపోయాడు. 65 నిండాక 1975 మొదట్లో రిటైర్ అయ్యాడు. ఆయన తర్వాత డేవ్ మెక్‌లెల్లన్, ఆ తర్వాత డేవ్ హిల్, అందరూ ఇంజన్ ముందే పెట్టారు.

జోరా 1996 ఏప్రిల్ 21న పోయాడు, 86 ఏళ్ళు. మధ్యలో ఇంజన్ ఉన్న కార్వెట్ 2019 జూలైలో బయటికొచ్చింది, ఎనిమిదో తరం, 6.2 లీటర్ల వీ8, 495 హార్స్ పవర్ దాకా, మొదటి ధర 60 వేల డాలర్ల లోపే. ఆయన రిటైరయిన 44 ఏళ్ళకి.

ప్రశ్న: కార్వెట్ మన దగ్గర దొరుకుతుందా? (నెల్లూరు)

జవాబు: లేదు. జనరల్ మోటార్స్ 2017 చివర్లోనే ఇండియాలో కార్లు అమ్మడం మానేసింది. కుడిచేతి స్టీరింగ్ కార్వెట్ ఫ్యాక్టరీ నుంచే రావడం కూడా ఈ ఎనిమిదో తరంతోనే మొదలు, అది బ్రిటన్, జపాన్, ఆస్ట్రేలియా లాంటి దేశాలకి.

ప్రశ్న: మీరు ఒక్కడే అంతా చేసేసినట్టు రాస్తారు, సినిమా హీరోలాగా. వందలమంది ఇంజినీర్లు పని చేస్తే పేరు ఒక్కడికా? నేను ముప్పై ఏళ్ళు ఒక ఫ్యాక్టరీలో చేశాను, నా పేరు ఎక్కడా లేదు. (రిటైర్డ్ ఉద్యోగి, విశాఖపట్నం)

జవాబు: అయ్యా, మీ కోపం న్యాయమే. పోయిన నెల నేను ‘నిలబెట్టిన’ అని ఒక్క మనిషికి రాసేశా, అది నా తొందర. చిన్న వీ8 ఇంజన్ ఎడ్ కోల్ జట్టుది, మొదటి ఛాసిస్ ఒల్లీది, ఇంజెక్షన్ డోల్జాతో కలిసి, ఆకారం మిచెల్ షినోడాలది. 2019లో ఇంజన్‌ని మధ్యకి తెచ్చినాయన చీఫ్ ఇంజినీర్ టాడ్జ్ యెక్టర్, 1993 నుంచి కార్వెట్ మీదే ఉండి 2024లో రిటైరయ్యాడు, జనరల్ మోటార్స్‌లో మొత్తం 47 ఏళ్ళ సర్వీసు. జోరా ఇరవై ఏళ్ళు అడిగి సాధించలేనిది ఈయన పెద్దగా గోల చెయ్యకుండా సాధించాడు, కానీ ఆయన పేరు మన ఊళ్ళో ఎవరికీ తెలీదు, మీరన్నది అక్కడ కూడా నిజమే.

జోరా పేరు ఎందుకు నిలిచిందంటే నాకు తోచింది, ఆయన మంచి ఇంజినీరే కాక మంచి కథ కూడా. యాస, తెల్ల జుట్టు, సిగరెట్టు, రేసులు, పై వాళ్ళతో గొడవలు, పత్రికల వాళ్ళకి ఇంతకంటే ఏం కావాలి. కంపెనీ కూడా ఆయన్ని ప్రచారానికి బాగానే వాడుకుంది, అడిగింది ఇవ్వలేదు గానీ. మీ ముప్పై ఏళ్ళ సంగతులు ఒక రెండు పేజీలు రాసి పంపండి, నిజంగా అడుగుతున్నా, వేస్తాం.

ప్రశ్న: మేము నాష్‌విల్‌లో ఉంటాం, ఇండియా నుంచి అమ్మానాన్న వచ్చారు. దగ్గర్లో కార్వెట్ మ్యూజియం ఉందంటున్నారు, పెద్దవాళ్ళని తీసుకెళ్ళొచ్చా, బోర్ కొడుతుందా? (నాష్‌విల్, టెన్నెసీ)

జవాబు: తీసుకెళ్ళండి, ఐ-65 మీద గంట ప్రయాణం, కెంటకీలో బౌలింగ్ గ్రీన్. కార్వెట్లన్నీ తయారయ్యే ఫ్యాక్టరీ కూడా ఆ పక్కనే, టూర్ ఉందో లేదో ముందే చూసుకోండి, మోడల్ మారే రోజుల్లో ఆపేస్తుంటారు. మ్యూజియం 1994లో తెరిచారు, భూమి పూజ రోజున కొబ్బరికాయ బదులు జోరాని బుల్డోజర్ ఎక్కించారు, 80 దాటిన మనిషి తనే నడిపాడు. ఆయన అస్థికలు కూడా ఆ మ్యూజియంలోనే పెట్టారు, చూడొచ్చు.

అమ్మానాన్నకి కార్లంటే ఆసక్తి లేకపోతే ఆ గుంట కథ చెప్పండి. ఆ ప్రాంతమంతా కింద సున్నపురాయి గుహలే, 2014 ఫిబ్రవరి 12న తెల్లవారుజామున స్కైడోమ్ అనే హాల్లో నేల ఒక్కసారిగా కుంగిపోయి 8 కార్వెట్లు లోపలికి పడిపోయాయి, అదృష్టం ఎవరూ లేరు ఆ టైములో. పడినవాటిలో 1992లో చేసిన పది లక్షలవ కార్వెట్ కూడా ఉంది, ఆ తెల్ల కారు ఫ్యాక్టరీలోంచి బయటికొచ్చిన రోజు జోరా కూడా అక్కడున్నాడు. దాన్ని బయటికి తీసి బాగుచేసి మళ్ళీ పెట్టారు. బాగుచెయ్యలేని నుజ్జు కార్లని కూడా అలాగే ఉంచారు, మా బంధువుల పిల్లాడికైతే మెరిసే కార్ల కంటే అవే నచ్చాయట. మోకాళ్ళ నొప్పులుంటే మధ్యమధ్యలో కూర్చుంటూ తిరగండి, హాళ్ళు పెద్దవి.